మిగతా కథ వెండితెరపై

సినిమా రాబోతోందని జనానికి చెప్పే పని సినిమాతోపాటే పుట్టింది, చెప్పే పద్ధతి మాత్రం అంతకు ముందునుంచే పల్లెల్లో ఉంది. సికింద్రాబాద్ నుంచి ఉత్తరంగా రెండు దారులు చీలతాయి. బోయిన్‌పల్లి, కొంపల్లి మీదుగా మేడ్చల్ చేరి నాగపూర్ వైపు సాగేది ఒకటి. తిరుమలగిరి, అల్వాల్, హకీంపేట దాటి శామీర్‌పేట చెరువు పక్కగా కరీంనగర్ వెళ్లేది రెండోది. ఇటువంటి దారుల మీది ఊళ్లకు ఏ కబురైనా డప్పు చాటింపుతోనే అందేది. శిస్తు కట్టాలన్నా, జాతర మొదలవుతోందన్నా ముందు డప్పు మోగేది, కూడలిలో ఒకరు నిలబడి గొంతెత్తి చెప్పేవారు. గుడారపు సినిమాలు పల్లెలకు వచ్చినప్పుడు అదే డప్పు వాటి ముందు నడిచింది. ఇప్పుడు ఫోన్‌లో చూసే రెండున్నర నిమిషాల ట్రైలర్‌కు తెలుగు నేల మీద మొదటి పూర్వీకుడు ఆ చాటింపే.

అయితే చాటింపు కబురు చెబుతుందే గాని ఊరించదు. ఊరించే విద్య ఆటల నుంచి వచ్చింది. కూచిపూడి వారి భామాకలాపంలో సత్యభామ ఒక్కసారిగా రంగం మీదికి రాదు. ఇద్దరు పట్టుకున్న తెర వెనక నిలబడి, ముందుగా తన పొడవాటి జడను మాత్రం తెర మీదుగా ఇవతలికి వేస్తుంది. ఆ జడ చూసేవారికి ఒక సవాలు. ముఖం ఇంకా కనబడలేదు, మాట వినబడలేదు, అయినా వచ్చేది ఎవరో, ఎంత అతిశయంతో వస్తోందో అందరికీ తెలిసిపోతుంది. ప్రవేశ దరువు సాగేకొద్దీ ఎదురుచూపు పెరుగుతుంది. హీరో భుజమో, నడకో, పిడికిలో చూపి, ముఖం కనబడే క్షణానికి పేరు వేసి ముగించే నేటి టీజర్ ఎడిటర్‌కు ఈ జడ సంగతి తెలియకపోవచ్చు. చేస్తున్నది మాత్రం అదే.

ట్రైలర్ అనే మాట అమెరికాది. 1913 నవంబరులో న్యూయార్క్‌లో మార్కస్ లోవ్ థియేటర్ల ప్రచారం చూసే నిల్స్ గ్రాన్‌లండ్, బ్రాడ్వేలో ఆడబోయే ‘ది ప్లెజర్ సీకర్స్’ అనే సంగీత నాటకం కోసం ఒక చిన్న ఫిల్ము తయారుచేసి వేయించాడు. అంటే తొలి ట్రైలర్‌గా చెప్పుకునేది సినిమా కోసం కాదు, నాటకం కోసం తీసినది. అసలు బొమ్మ అయిపోయాక దాని వెనకాల వేసేవారు కాబట్టి, వెంట వచ్చేది అనే అర్థంలో ట్రైలర్ అన్నారు. బొమ్మ అయిపోగానే జనం లేచి వెళ్లిపోతున్నారని తర్వాత దాన్ని ముందుకు జరిపారు. చోటు మారినా పేరు మారలేదు. 1919లో నేషనల్ స్క్రీన్ సర్వీస్ అనే సంస్థ ట్రైలర్ల తయారీనే వ్యాపారంగా మొదలుపెట్టింది.

పూర్తిగా తెలుగులో మాట్లాడిన తొలి సినిమా 1932 ఫిబ్రవరిలో విడుదలైన ‘భక్త ప్రహ్లాద’. ఆ తర్వాత మూడు దశాబ్దాల పాటు పల్లెల్లో సినిమా ప్రచారమంటే బండి. జట్కాకో ఒంటెద్దు బండికో రెండు పక్కలా పోస్టర్లు కట్టి, ముందు డప్పు లేదా బ్యాండు నడిపిస్తూ, తర్వాతి రోజుల్లో మైకు పెట్టి ఊరూరా తిప్పేవారు. బండిలోంచి రంగు కాగితాల కరపత్రాలు విసిరేవారు, పిల్లలు వాటికోసం వెంటపడి పరుగెత్తేవారు. సాయంత్రం గుడారం మీది మైకులో రికార్డులు మొదలయ్యేవి. చాలా టూరింగ్ టాకీసుల్లో ఘంటసాల గొంతులో వేంకటేశ్వరుడి మీది భక్తిగీతం వినబడిందంటే ఆట మొదలు కాబోతోందని గుర్తు. పొలాల మీదుగా ఆ పాట విని జనం నడక వేగం పెంచేవారు. గుర్తు పట్టిన ఒక శబ్దం ఆత్రం పుట్టిస్తుందని ప్రచారకర్తలకు అప్పుడే తెలుసు.

ఈ కాలపు సాధనాల్లో అన్నిటికన్నా గమనించదగ్గది పాటల పుస్తకం. థియేటర్ దగ్గర కొద్ది అణాలకు అమ్మే ఆ పలుచని పుస్తకంలో పాటలతోపాటు నటీనటుల పేర్లు, కథాసంగ్రహం ఉండేవి. కథ నాయికానాయకుల పరిచయంతో మొదలై, అపార్థాలో అపహరణో జరిగే దాకా చక్కగా సాగేది. సరిగ్గా చిక్కు ముడిపడిన చోట ఆగిపోయేది. నాయిక ఏమైంది? తండ్రి నిజం తెలుసుకున్నాడా? జవాబు ఉండదు, మిగతా కథ వెండితెరపై చూడమన్న వాక్యం ఉంటుంది. ఈ వాక్యం తెలుగువారి నాలుక మీద నానుడిగా నిలిచిపోయింది. సినిమాతో సంబంధం లేని మాటల్లో కూడా, సగం చెప్పి ఊరించేవారిని ఉద్దేశించి దాన్ని వాడతారు.

ఆ వాక్యంలోని బలానికి మనస్తత్వశాస్త్రం చాలా ఆలస్యంగా పేరు పెట్టింది. 1994లో జార్జ్ లోవెన్‌స్టీన్ అనే అమెరికన్ పరిశోధకుడు కుతూహలాన్ని ఒక ఖాళీగా వివరించాడు. మనిషికి తెలిసినదానికీ తెలుసుకోవాలనుకున్నదానికీ మధ్య ఎడం కనబడినప్పుడు అది లోపంలా బాధిస్తుంది, పూడ్చుకునేదాకా వదలదు. ఏమీ తెలియనివాడికి ఆ బాధ లేదు, అంతా తెలిసినవాడికీ లేదు. కొంత తెలిసినవాడికే ఉంటుంది. ఎంత చెప్పాలి, ఎక్కడ ఆపాలి అన్నదే ఇందులోని నేర్పు, పాటల పుస్తకాలు రాసిన పేరులేని రచయితలకు ఆ కొలత చేతికొచ్చిన విద్య.

కాని తెలుగు సినిమాలో చాలాకాలం పౌరాణికాలదే పైచేయి. రామాయణ, భారత కథలు తెలియని ప్రేక్షకుడు లేడు. ‘మాయాబజార్’ (1957)లో శశిరేఖ పెళ్లి ఎవరితో జరుగుతుందో చెప్పకుండా దాచి లాభం లేదు. అక్కడ ఊరించేది ఏమి జరుగుతుందన్నది కాదు, ఎలా జరుగుతుందన్నది. ఎన్.టి. రామారావు కృష్ణుడిగా ఎలా ఉంటాడు, ఎస్.వి. రంగారావు ఘటోత్కచుడిగా ఎలా గర్జిస్తాడు, మార్కస్ బార్ట్‌లీ కెమెరా మాయలు ఎలా చేసింది? తెలుగు ట్రైలర్ స్వభావం ఇక్కడే రూపుదిద్దుకుంది. కథను దాచడం కన్నా నటుడి ప్రవేశాన్ని, వేషాన్ని, ఒక్క మాటను రుచి చూపడం దానికి ముఖ్యమైంది. నేటికీ పెద్ద హీరో సినిమా ట్రైలర్‌లో కథ ఏమిటని వెతికేవారి కన్నా, మనవాడు ఎలా ఉన్నాడని చూసేవారే ఎక్కువ.

పోస్టరు ఈ రుచిని గోడ మీదికి తెచ్చింది. ఉడకబెట్టిన మైదా జిగురుతో రాత్రికి రాత్రి అంటించిన పోస్టర్లు తెల్లారేసరికి ఊరికి కొత్త ముఖం ఇచ్చేవి. బాపు తీసిన ‘సాక్షి’ (1967)తో అడుగుపెట్టిన పాలకొల్లు చిత్రకారుడు ఈశ్వర్ దశాబ్దాల పాటు ఈ కళకు పెద్ద దిక్కుగా నిలిచి, పోస్టర్ల చరిత్రను పుస్తకంగానూ రాశాడు. సాంకేతిక ఘనతలు కూడా ప్రచారంలో పెద్ద అక్షరాలయ్యాయి: పూర్తి రంగుల్లో తొలి తెలుగు చిత్రం ‘లవకుశ’ (1963), తొలి సినిమాస్కోప్ ‘అల్లూరి సీతారామరాజు’ (1974), తొలి 70 ఎం.ఎం. ‘సింహాసనం’ (1986). తెర వెడల్పు అయిందని పోస్టర్ చెప్పగలదే తప్ప చూపలేదు. కదిలే బొమ్మే దాన్ని చూపగలదు.

ఆ కదిలే బొమ్మ ఖరీదైనది. 35 ఎం.ఎం. ఫిల్ము నిమిషానికి 90 అడుగులు నడుస్తుంది. మూడు నిమిషాల ట్రైలర్ అంటే 270 అడుగులు. ఎన్ని థియేటర్లలో వేయాలంటే అన్ని ప్రింట్లు తీయాలి, సినిమాకు లాగే దానికీ సెన్సారు సర్టిఫికెట్ తీసుకోవాలి. అందుకే ట్రైలర్ పెద్ద ఊళ్ల భోగంగా ఉండేది. పంపిణీదారుల లెక్కలో తెలుగు నేల మూడు ముక్కలు: ఆంధ్ర, సీడెడ్, నైజాం. నిజాం 1800లో ఇంగ్లీషువారికి వదులుకున్న సీమ సీడెడ్ అయింది, నిజాం దగ్గర మిగిలింది నైజాం. రాజ్యాలు పోయినా సినిమా వ్యాపారం ఆ పటాన్ని ఇంకా దాచుకుంది. నైజాంలో హైదరాబాద్, సికింద్రాబాద్ ఏ సెంటర్లు. కొత్త బొమ్మ మొదట అక్కడ పడేది, చిన్న ఊళ్లైన బి, సి సెంటర్లకు గీతలు పడ్డ ప్రింటు వారాలు, నెలలు ఆగి చేరేది. మేడ్చల్, శామీర్‌పేట వైపు పల్లెల నుంచి పనిమీద సికింద్రాబాద్ వెళ్లినవాడు తివోలిలోనో, పారడైజ్‌లోనో ఒక ఆట చూస్తే, అందులో రాబోయే బొమ్మ ట్రైలర్ కూడా చూసేవాడు. ఊళ్లో దాన్ని నోటితో చెప్పేవాడు. సినిమా పల్లె చేరేలోగా ఆ చెప్పడంలోనే ట్రైలర్ మరింత పెద్దదయ్యేది.

రేడియో ఆ నోటిమాటను గాలిలోకి ఎక్కించింది. వివిధ భారతి వాణిజ్య ప్రసారాలు దేశంలో 1967లో మొదలయ్యాక, సినిమావారు సమయం కొని పావుగంట కార్యక్రమాలు వేశారు. రెండు పాటల ముక్కలు, ఒక ఘాటైన సంభాషణ, నేడే చూడండి అన్న గంభీరమైన గొంతు. ఆ తర్వాత వచ్చిన సంక్షిప్త శబ్దచిత్రం సినిమా మొత్తాన్ని గంటలో చెవికి వినిపించింది. చూడని బొమ్మను విని ఊహించుకున్న తరం అది, సంభాషణలు కంఠతా రావడానికి అదొక కారణం. ట్రైలర్ ఆఖరున ఒక్క పదునైన డైలాగు పెట్టి ముగించే అలవాటులో రేడియో నేర్పిన పాఠం కనబడుతుంది.

1977లో హైదరాబాద్ దూరదర్శన్, 1995లో ఈటీవీ, జెమినీ వచ్చాయి. ట్రైలర్ ఇంట్లోకి అడుగుపెట్టి అర నిమిషం ముక్కలైంది. క్యాసెట్ల కాలంలో పాటలు ముందుగా విడుదల కావడం పెద్ద వేడుకగా మారి, ఆడియో ఫంక్షన్ వేదిక మీద అభిమానుల ఈలల మధ్య ట్రైలర్ వేయడం రివాజైంది. టీవీ ముక్కల నుంచి వేరుగా గుర్తించేందుకు థియేట్రికల్ ట్రైలర్ అనే జోడు మాట తెలుగులో స్థిరపడింది. కొంపల్లిలో సినీప్లానెట్ మల్టీప్లెక్స్ రావడంతో మేడ్చల్ దారి మీదివారికి మొదటి రోజు మొదటి ఆట కోసం సికింద్రాబాద్ దాకా పోవలసిన అవసరం తగ్గింది. డిజిటల్ ప్రొజెక్షన్ వచ్చాక ఏ సెంటర్, సి సెంటర్ అన్న వరస కూడా కరిగింది. ఒకే ఉదయం అన్ని ఊళ్లలోనూ బొమ్మ పడసాగింది. 2016 సెప్టెంబరులో జియో రాకతో డేటా చౌకయ్యాక ట్రైలర్‌కు థియేటర్ గోడలే లేకుండా పోయాయి.

ఈ మలుపులో నిలిచినది ‘బాహుబలి’. తొలి భాగం ట్రైలర్ 2015 జూన్ 1న వచ్చింది. ఆకాశం నుంచి దూకుతున్నట్టున్న జలపాతం, దాన్ని ఎక్కే మనిషి, పైన ఏముందో తెలియని మబ్బు. కథ చెప్పకుండా కొలతలతోనే అబ్బురపరిచిన ట్రైలర్ అది. జూలై 10న సినిమా విడుదలైంది. అసలు విశేషం అప్పుడు బయటపడింది: కట్టప్ప బాహుబలిని చంపాడన్న మాట దగ్గర సినిమా ఆగిపోయింది, ఎందుకో చెప్పలేదు. పాటల పుస్తకం చేసిన పనిని రెండున్నర గంటల సినిమాయే చేసింది. మొదటి భాగమంతా రెండో భాగానికి ట్రైలర్ అయింది. ఆ ఎందుకు అన్న ప్రశ్న తెలుగు దాటి దేశమంతా చలామణీ అయింది. రెండో భాగం ట్రైలర్‌ను 2017 మార్చి 16న తెలుగు రాష్ట్రాల్లో వందల థియేటర్లలో వేశారు. అదే రోజు అది నెట్‌లోకీ చేరింది. యుద్ధాలు, ఏనుగులు, రాజభోగం అన్నీ చూపిన ఆ ట్రైలర్ జవాబును మాత్రం ముట్టుకోలేదు. ఏప్రిల్ 28న సినిమా వచ్చేదాకా, అంటే ఇరవై ఒక్క నెలలకు పైగా, ప్రశ్న సజీవంగా ఉంది. తెలుగు సినిమా ప్రచార చరిత్రలో ఒక్క ప్రశ్న ఇంతకాలం ఇందరిని పట్టి ఉంచిన సందర్భం మరొకటి లేదని చెప్పవచ్చు.

‘బాహుబలి’ దర్శకుడు రాజమౌళి ‘ఆర్ఆర్ఆర్’కు వేరే దారి తొక్కాడు. 2020 మార్చి 25 ఉగాది నాడు, దేశమంతా లాక్‌డౌన్ మొదలైన తొలిరోజున, నిప్పూ నీరూ కలిసే మోషన్ పోస్టర్ వచ్చింది. ఇద్దరు వీరుల స్వభావాలకు రెండు భూతాలు, అంతే. ట్రైలర్ 2021 డిసెంబరు 9న థియేటర్లలోనూ నెట్‌లోనూ వచ్చింది. జనవరి 7న రావలసిన సినిమా కరోనా మూలంగా వాయిదాపడి, మోషన్ పోస్టర్ వచ్చిన రోజుకు సరిగ్గా రెండేళ్ల తర్వాత, 2022 మార్చి 25న విడుదలైంది. ‘పుష్ప 2’ వాళ్లు 2024 నవంబరు 17న ట్రైలర్‌ను పట్నాలోని గాంధీ మైదానంలో విపరీతమైన జనసందోహం మధ్య విడుదల చేశారు. తెలుగు బొమ్మ చాటింపు గంగ ఒడ్డున మోగింది.

ఇప్పటి ప్రచారంలో వరస దాదాపు ఖాయం: ఫస్ట్ లుక్, గ్లింప్స్, టీజర్, పాటల వీడియోలు, చివరగా ట్రైలర్. ట్రైలర్ లోపలి కట్టుబాటు కూడా ఇంచుమించు స్థిరమే. నెమ్మదిగా ఒక లోకం పరిచయమవుతుంది, ఒక కష్టం ముంచుకొస్తుంది, షాట్లు పొట్టివై డప్పు దరువులా వేగం పెరుగుతుంది, ఒక్కసారి శబ్దం ఆగి నిశ్శబ్దం పడుతుంది, ఒక మాట వినబడుతుంది, పేరు పడుతుంది. ఆ నిశ్శబ్దమే ఆయువుపట్టు. దానికి ముందు ఎంత హోరు ఉంటే అది అంత గట్టిగా తాకుతుంది. ఈ కట్టుబాటుకు అందనిదీ ఒకటుంది. శామీర్‌పేట చెరువు కట్ట ఎన్నో తెలుగు సినిమాల్లో కనబడింది. తమ చెరువు, తమ రోడ్డు ట్రైలర్‌లో అరక్షణం మెరిస్తే ఆ వైపువారికి కలిగే సంబరం ఏ ఎడిటరూ లెక్కవేసి పెట్టినది కాదు.

ట్రైలర్‌లో చూపినది సినిమాలో లేకపోతే ఏమిటన్న ప్రశ్న సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. హిందీ ‘ఫ్యాన్’ (2016) ప్రచారంలో వినిపించిన పాట సినిమాలో లేదని ఒక ప్రేక్షకురాలు వినియోగదారుల ఫోరాన్ని ఆశ్రయించింది. పై కమిషన్లు ఆమెకు పరిహారంగా 10,000 రూపాయలు, ఖర్చుల కింద 5,000 ఇవ్వమన్నాయి. 2024 ఏప్రిల్ 22న జస్టిస్ పి.ఎస్. నరసింహ, జస్టిస్ అరవింద్ కుమార్ ధర్మాసనం ఆ ఉత్తర్వులను కొట్టివేసింది. ట్రైలర్ ఏకపక్షంగా చేసే ప్రకటన, టికెట్ కొనేలా ప్రోత్సహించడానికి ఉద్దేశించినది, దానంతట అది ఒప్పందానికి ప్రతిపాదన కాదని తీర్పు చెప్పింది. ట్రైలర్‌లో ఉన్నది సినిమాలో లేదన్నంత మాత్రాన అది సేవాలోపం కాదని స్పష్టం చేసింది.