కొడవలి కణము

బొబ్బిలి ప్రాంతపు పెద్దలకు వరికోత కొడవలిని నేను వర్ణింప నక్కరలేదు. ఆ పనిముట్టు పేరు ఒక రక్తవ్యాధికి వచ్చిన చరిత్రమును మనవిచేసెదను.

1910వ సంవత్సరమున అమెరికాలోని చికాగో నగర వైద్యుడు జేమ్స్ హెరిక్, గ్రెనడా ద్వీపమునుండి వచ్చిన యొక దంతవైద్య విద్యార్థి రక్తమును గూర్చి వ్రాయుచు, గుండ్రముగా నుండవలసిన ఎఱ్ఱకణములు కొన్ని కొడవలివలె వంగియున్నవనెను. 1922లో వెర్నన్ మేసన్ ఆ మాటనే వ్యాధినామముగా వాడెను. మనదేశమున 1952లో నీలగిరుల గిరిజనులయందు దీనిని గుర్తించిరి. మనకు ఎగువనున్న సాలూరు, పార్వతీపురముల మన్యమునను ఇది కలదు.

రక్తము తక్కువైన ప్రతివారికిని పాండురోగమనుట మన వాడుక. ఇచ్చట ఆ మాట చాలదని నా యభిప్రాయము. ఆరోగ్యవంతుల ఎఱ్ఱకణము సుమారు 120 దినములు బ్రతుకగా, కొడవలికణము 10, 20 దినములకే నశించును. వంగిన కణములు సన్నని నాళములలో చిక్కుకొనగా ఎముకలు, కీళ్లు భరింపరాని నొప్పి పెట్టును. ఇనుము కలిసిన మందు దీనిని కుదుర్పజాలదు.

మఱియొక చిక్కు కలదు. పరీక్షలో 'కొడవలి' యని వచ్చినవారందఱు రోగులు కారు. తల్లిదండ్రులలో ఒక్కరినుండియే ఆ లక్షణము పొందినవారు సాధారణముగా పొలముపనులు చేసికొనుచు సుఖముగానే యుందురు. అట్టివారికి సంబంధములు తప్పించుట అన్యాయము. దంపతు లిరువురును అట్టివారేయైనచో మాత్రము, ప్రతి కాన్పునను బిడ్డకు వ్యాధి వచ్చుటకు నాలుగింట నొకపాలు అవకాశము కలదు. కావున మేనరికములు కుదుర్చు పెద్దలు జాతకములతోపాటు రక్తపరీక్షా ఫలమును గూడ అడుగవలెను. 2023 జూలై 1న ప్రారంభమైన జాతీయ కార్యక్రమమున గిరిజన ప్రాంతములందు ఈ పరీక్ష జరిపి, ఫలము తెలుపు కార్డు నిచ్చు ఏర్పాటు కలదు.