పసిబిడ్డ చేతి బిస్కత్తు

ఆరు నెలలు నిండిన బిడ్డ చేతికి ఏ వస్తువు దొరికినను అది నేరుగా నోటికి పోవును. తాళపుచెవి గాని, గిలక గాని, తల్లి కొంగు గాని బిడ్డకు ఒక్కటే. మొదట బిడ్డకు వస్తువును పిడికిటితో పట్టుకొనుట మాత్రమే చేతనగును. తొమ్మిది నెలల ప్రాంతమున బొటనవ్రేలిని, చూపుడువ్రేలిని కలిపి చిన్న మెతుకును కూడ ఎత్తగలుగును. ఈ వయసు బిడ్డలు చేతితో పట్టుకొని చీకుటకు, కొరుకుటకు అనువుగా కాల్చి తయారుచేసిన చిరుతిండికి పాశ్చాత్య దేశములలో పెద్ద చరిత్ర కలదు. ఆ చరిత్రలో ఒకే ప్రశ్న మాటిమాటికి ఎదురగుచున్నది. కడుపు నిండినంత మాత్రమున బిడ్డకు పోషణ లభించినట్లేనా?

రెండుమార్లు కాల్చిన రొట్టె

"బిస్కత్తు" అను మాటకు మూలమైన లాటిన్ పదములకు "రెండుమార్లు వండినది" అని అర్థము. జర్మను భాషలోని "ట్స్వీబాక్" అను మాటకు కూడ ఇంచుమించు అదే అర్థము. రొట్టెను ఒకసారి బట్టీలో కాల్చి, ముక్కలుగా కోసి, ఆ ముక్కలను తక్కువ వేడిలో మరల కాల్చి ఎండబెట్టెడివారు. మనము రస్కు అనునది ఇదియే.

ఈ రెండవ కాల్పులో జరుగునది ముఖ్యముగా నీరు పోవుట. మామూలు రొట్టె బరువులో మూడవ వంతుకు మించి నీరు ఉండును. రస్కులో మిగులునది చాల తక్కువ. బూజునకును, సూక్ష్మజీవులకును పెరుగుటకు నీరు అవసరము కనుక, రొట్టె కొలది దినములలో చెడిపోగా రస్కు వారముల తరబడి నిలువ యుండును. తరగతిలో ఉపాధ్యాయుడు దీనిని సులభముగా చూపవచ్చును. రొట్టెముక్క నొకదానిని తూచి, పెనముపై సన్నని సెగను గలగలలాడునంతవరకు ఎండబెట్టి, మరల తూచినచో బరువులోని భేదము పోయిన నీటిని తెలుపును.

రస్కునకు మరియొక గుణము కలదు. పాలలో గాని నోటి లాలాజలములో గాని అది త్వరగా మెత్తబడును. పళ్ళు రాని చిగుళ్ళకు ఇది అనుకూలము. పైగా నీటి సమక్షమున వేడి తగిలిన పిండిపదార్థపు రేణువులు ఉబ్బి విచ్చుకొనును. అప్పుడు వానిపై జీర్ణరసములు సులభముగా పనిచేయును. ఈ కారణములచేతనే రస్కు ఐరోపా ఖండమున పసిబిడ్డల తిండిగా స్థిరపడెను.

పాలపిండి, స్కర్వీ వ్యాధి

తల్లిపాలు దొరకని శిశువులు ఆ కాలమున పెద్దసంఖ్యలో మరణించుచుండిరి. 1867లో స్విట్జర్లాండు దేశపు వెవే పట్టణమున ఆన్రీ నెస్లే అను ఔషధ నిర్మాత, గోధుమ రస్కుల పొడిని చిక్కబరచిన పాలతోను, చక్కెరతోను కలిపి ఒక శిశ్వాహారమును తయారుచేసెను. త్వరలోనే ఇటువంటి పొడులు, డబ్బాపాలు అనేక దేశములలో వ్యాపించినవి. అవి శుభ్రముగా నుండెను, నిలువ యుండెను, బిడ్డలు ఇష్టముగా తినెడివారు. లోపము పైకి కనిపించలేదు.

అది కనిపించినది వైద్యులకు. కొందరు బిడ్డలు కాళ్ళు ముట్టుకొన్నంతనే కెవ్వున ఏడ్చెడివారు. చిగుళ్ళు వాచి నెత్తురు కారెడిది. దీనిని ఎముకలు మెత్తబడు రికెట్సు వ్యాధిలో తీవ్రమైన రూపమని చాలమంది వైద్యులు భావించిరి. 1883లో లండను వైద్యుడు థామస్ బార్లో అట్టి రోగులను పరిశీలించి, ఇది స్కర్వీ అని నిరూపించెను. నెలల తరబడి ఎండు బిస్కత్తులు తిని సముద్రయానము చేసిన నావికులను పీడించిన వ్యాధియు స్కర్వీయే. తాజా ఆహారము, పండ్లరసము ఇచ్చినంతనే బిడ్డలు కోలుకొనిరి. ఇట్టి రోగులు పేదల ఇండ్లలోనే గాక, ఖరీదైన డబ్బా ఆహారములను కొనగల ఇండ్లలో కూడ ఉండిరి.

కారణము తరువాత తెలిసినది. గోధుమపిండిలో సి విటమిను లేదు. పాలలో ఉన్న కొద్దిపాటి విటమినును వేడియు గాలియు నశింపజేయును. ఓడలోని నావికునకును, ఉయ్యాలలోని బిడ్డకును ఒకే విధమైన తిండి లభించెను. కావున ఒకే వ్యాధి కలిగెను.

రికెట్సు విషయమున మరియొక పాఠము లభించెను. ఇంగ్లాండులో ఎడ్వర్డ్ మెలాన్‌బీ కుక్కపిల్లలను ఎండ తగులకుండ ఉంచి, ధాన్యపు తిండితో పెంచగా వాటికి రికెట్సు వచ్చెను. కాడ్ చేప కాలేయపు నూనె ఇచ్చినచో రాలేదు. ఈ ఫలితములను అతడు 1919లో ప్రకటించెను. ధాన్యములలోని ఫైటిక్ ఆమ్లము కాల్షియమును పట్టి యుంచి దేహమునకు అందనీయదని తరువాతి పరిశోధనలలో తేలినది. అనగా డి విటమిను లోపించిన బిడ్డకు ఉత్త ధాన్యపు తిండి మేలు చేయకపోవుటయే గాక కీడు కూడ చేయగలదు.

టొరాంటోలో కొత్త బిస్కత్తు

ఈ జ్ఞానమును బిస్కత్తులోనికే ఎక్కించిన వారు కెనడా వైద్యులు. టొరాంటో నగరపు పిల్లల ఆసుపత్రిలో ఫ్రెడరిక్ టిస్‌డాల్, థియోడోర్ డ్రేక్, అలాన్ బ్రౌన్ అనువారు 1930లో ఒక పోషక బిస్కత్తును రూపొందించిరి. అందులో గోధుమపిండితోపాటు గోధుమ అంకురము, పాలు, ఈస్టు, ఎముకల పొడి, ఇనుము చేర్చబడెను. ఆ వెంటనే అదే భావముతో ముందుగా ఉడికించి ఎండబెట్టిన "పాబ్లమ్" అను శిశ్వాహారమును తయారుచేసిరి. బిస్కత్తు ఆకారము మారలేదు, కాల్చు పద్ధతి మారలేదు. మారినది పిండిలో కలుపు వస్తువులు మాత్రమే. ఆరు నెలల తరువాత బిడ్డ దేహములో పుట్టుకతో నిలువయున్న ఇనుము తరిగిపోవును. తల్లిపాలలో ఇనుము కొద్దిగానే యుండును. కావున ఇనుము చేర్చుట ముఖ్యమైన మార్పు.

బిడ్డకే ఎన్నుకొను హక్కు

ఆ రోజులలో పాశ్చాత్య వైద్యులు ఏ గంటకు ఏది, ఎంత తినిపించవలెనో పట్టికలు వ్రాసి తల్లుల చేతికి ఇచ్చెడివారు. బిడ్డ నోరు మూసుకొన్నను పట్టిక ప్రకారము తినిపింపవలసినదే. దీనిని ప్రశ్నించిన వైద్యురాలు అమెరికాకు చెందిన క్లారా డేవిస్. 1926లో ఆరంభించిన ప్రయోగమున ఆమె, అప్పుడే పాలు మాన్పిన బిడ్డల ముందు పలు పాత్రలలో వేర్వేరు పదార్థములను ఉంచెను. బిడ్డ వేళ్ళతో తినవచ్చును. నర్సు చెంచాతో ప్రక్కన కూర్చుండును గాని దేనిని చూపరాదు, బతిమాలరాదు. బిడ్డ ఒక పాత్రవైపు చేయి చాచినప్పుడు మాత్రమే చెంచా నింపవలెను. నోరు తెరచినప్పుడు మాత్రమే పెట్టవలెను.

1939లో ఆమె వెల్లడించిన ఫలితములు 15 మంది బిడ్డలకు, 34 రకముల పదార్థములకు సంబంధించినవి. వానిలో పాలు, పండ్లు, కూరగాయలు, గ్రుడ్లు, మాంసము, చేప, కాలేయము, ధాన్యములు, రై పిండితో కాల్చిన కరకరలాడు రొట్టె కూడ కలవు. ఒక బిడ్డ ఎన్నుకొన్నట్లు మరియొక బిడ్డ ఎన్నుకొనలేదు. ఒకనాడు నారింజరసము, కాలేయము కలిసి ఉదయపు భోజనము అయ్యెడిది. అయినను బిడ్డలందరు ఆరోగ్యముగా పెరిగిరి. రికెట్సుతో వచ్చిన ఒక బిడ్డ తన ముందుంచిన కాడ్ చేప నూనెను వ్యాధి నయమగు వరకు తానే త్రాగి, ఆ తరువాత మానివేసెను.

బిడ్డకు తనకు కావలసినదేదో తెలియునని చాలమంది దీనినుండి నిర్ణయించుకొనిరి. డేవిస్ మాత్రము జాగ్రత్తగా మాట్లాడెను. ఆ పళ్ళెములో చక్కెర లేదు, తెల్లని మైదా లేదు. అక్కడ ఉన్న పదార్థములలో బిడ్డ దేనిని ఎన్నుకొన్నను నష్టము కలుగదు. ప్రయోగములోని కిటుకు ఆ జాబితాలోనే ఉన్నదని ఆమె స్పష్టము చేసెను. శుద్ధిచేసిన పదార్థములను కూడ ప్రక్కనుంచి మరల పరీక్షింపవలెనని ఆమె తలచెను గాని, ఆర్థికమాంద్యము వలన ధనము చాలక ఆ పని జరుగలేదు.

తరువాత తెలిసిన జాగ్రత్తలు

శిశ్వాహారమును గూర్చి ఇంకను కొన్ని సంగతులు ఇటీవలనే తెలిసినవి. 1976లో అమెరికాలో శిశువులకు వచ్చు బోట్యులిజము అను వ్యాధి గుర్తింపబడెను. దీనికి కారణమైన సూక్ష్మజీవుల సిద్ధబీజములు తేనెలో ఉండవచ్చును. పిండిలో తేనె కలిపి కాల్చినచో అవి చచ్చునని అనుకొనుట పొరపాటు. బట్టీ వేడి 180 డిగ్రీలున్నను, తడి యున్నంతవరకు ముక్క లోపలి వేడి 100 డిగ్రీలను దాటదు. ఆ వేడికి సిద్ధబీజములు నశింపవు. కావున ఏడాది నిండని బిడ్డకు చేయు బిస్కత్తులో కూడ తేనె కూడదు.

2002లో స్వీడన్ శాస్త్రజ్ఞులు మరియొక సంగతిని వెల్లడించిరి. పిండిపదార్థములు 120 డిగ్రీలకు మించిన వేడిలో ఎఱ్ఱబడునప్పుడు అక్రిలమైడు అను హానికర పదార్థము ఏర్పడును. పిల్లల బిస్కత్తులను మాడ్చక, లేతరంగులోనే దించుట మంచిది.

మూడవ సంగతి పాత అభిప్రాయమును తలక్రిందులు చేసెను. వేరుసెనగ పడని జబ్బు వచ్చునేమోనను భయముతో పాశ్చాత్య దేశములలో బిడ్డలకు దానిని పెట్టెడివారు కారు. ఇస్రాయేలు బిడ్డలు మాత్రము వేరుసెనగ కలిపిన మొక్కజొన్న చిరుతిండిని పసితనమునుండి తినుచుండిరి. వారిలో ఈ జబ్బు తక్కువగా నుండుట పరిశోధకుల దృష్టిని ఆకర్షించెను. లండనులో 640 మంది శిశువులపై జరిగిన పరీక్ష ఫలితములు 2015లో వెలువడెను. వీరందరు ఆ జబ్బు వచ్చు అవకాశము ఎక్కువగా నున్నవారే. వేరుసెనగ మాన్పిన వారిలో 17.2 శాతమునకు అయిదేండ్ల వయసున జబ్బు కనిపించగా, తినిన వారిలో 3.2 శాతమునకు మాత్రమే కనిపించెను. అయితే పరీక్షలో పెట్టినది మెత్తని రూపమున నున్న వేరుసెనగయే. గింజలను పసిబిడ్డకు ఇచ్చినచో గొంతున అడ్డుపడును. తీవ్రమైన ఎగ్జిమా గాని, గ్రుడ్డు పడకపోవుట గాని ఉన్న బిడ్డకు మొదటిసారి పెట్టుటకు ముందు వైద్యుని అడుగవలెను.

ఇంటి బిస్కత్తు

ధాన్యమునకు తోడు అవసరమను పాఠమును హైదరాబాదులోని జాతీయ పోషకాహార సంస్థ కూడ ఆచరణలో పెట్టినది. పోషణ చాలని పిల్లలకై అది రూపొందించిన "హైదరాబాద్ మిక్స్" అను పొడిలో వేయించిన గోధుమలు, సెనగపప్పు, వేరుసెనగ, బెల్లము ఉండును. గోధుమ మాంసకృత్తులలో తక్కువైన లైసీనును పప్పు పూరించును. వేరుసెనగ నూనె వలన శక్తి పెరుగును.

ఇంటిలో బిస్కత్తు కాల్చువారికి కూడ ఇదే సూత్రము. ఆరు నెలల వరకు తల్లిపాలు చాలును. ఆ తరువాతను వానిని కొనసాగింపవలెను. రాగిపిండి గాని గోధుమపిండి గాని తీసికొని, పెసరపిండి, మెత్తగా నూరిన వేరుసెనగ, గ్రుడ్డు వంటి తోడును చేర్చవలెను. తీపికి పండిన అరటిపండు చాలును. ఉప్పు, పంచదార అక్కరలేదు. ముక్క పెద్దల వ్రేలంత పొడవున్నచో పిడికిటినుండి కొంత బయటికి వచ్చి కొరుకుటకు వీలగును. రెండు వ్రేళ్ళ నడుమ నొక్కినచో నలిగిపోవునంత మెత్తగా నుండవలెను. బిడ్డను నిటారుగా కూర్చుండబెట్టి, పెద్దలొకరు కనిపెట్టి యుండవలెను. బట్టీ లేని ఇంట ఇడ్లీముక్కయు, మెత్తగా ఉడికిన క్యారెట్టు ముక్కయు ఇదే పని చేయును. సి విటమినును ఏ బిస్కత్తు ఇయ్యజాలదు. అది పండ్లు, కూరగాయలు వంటి తాజా ఆహారమునుండి రావలెను.

బట్టీ వేడి తిండికి కరకరను, నిలువయుండు గుణమును ఇచ్చును గాని, పిండిలో లేని పోషణను పుట్టింపలేదు. పళ్ళెములోనున్న వానిలో దేనిని తినవలెనో, ఎంత తినవలెనో బిడ్డయే చూచుకొనును. ఆ పళ్ళెములో ఏమి ఉండవలెనో నిర్ణయించు బాధ్యత మాత్రము పెద్దలదే.