ఒకాసాన్ (1952 సినిమా)

ఒకాసాన్ (అమ్మ) జపాన్ దర్శకుడు మికియో నరుసె తీసిన నలుపు తెలుపు కుటుంబ కథాచిత్రం. నిడివి 98 నిమిషాలు. షిన్‌తోహో సంస్థ నిర్మించగా 1952 జూన్ 12న విడుదలైంది. జపాన్‌లో ఏడేళ్ల అమెరికన్ ఆక్రమణ పాలన ఆ ఏడాది ఏప్రిల్ 28నే ముగిసింది.

బడిపిల్లలు తమ అమ్మల గురించి రాసిన వ్యాసాల్లోంచి రచయిత్రి యోకో మిజుకి ఈ కథను అల్లింది. అందుకే పెద్దకూతురు తోషికో (క్యోకో కగావా) గొంతులోనే కథంతా నడుస్తుంది. యుద్ధంలో పాడైన లాండ్రీని టోక్యోలోని ఫుకుహారా కుటుంబం మళ్లీ తెరవాలనుకుంటుంది. క్షయ సోకిన కొడుకు చనిపోతాడు. కొట్టు నిలదొక్కుకునే లోపే తండ్రీ పోతాడు. ఇక ఇస్త్రీపెట్టె పట్టాల్సింది తల్లి మసాకో (కినుయో తనాకా). తండ్రి స్నేహితుడొకడు వచ్చి పని నేర్పుతాడు. యుద్ధఖైదీగా ఉండి తిరిగొచ్చినవాడు కనుక పిల్లలకు అతను 'ఖైదీ మామయ్య'. ఆ వేషం కట్టిన దైసుకె కతో కూడా న్యూగినీలో సైనికుడిగా ఉండి వచ్చినవాడే.

తెర మీద బాంబు ఒక్కటీ పడదు. కానీ ఇంట్లో ఎవరి లెక్క చూసినా యుద్ధం దగ్గరే తేలుతుంది. మంచూరియా నుంచి తిరిగొచ్చిన పిన్ని జడలు, అలంకారం పని నేర్చుకుంటుంటే, ఆమె కొడుకు వీళ్లింట్లో పెరుగుతాడు. చిన్నకూతురేమో, యుద్ధంలో కొడుకును పోగొట్టుకున్న బంధువులకు దత్తత వెళుతుంది. బతుకు నిలబెట్టుకోవడమంటే ఇక్కడ మిగిలిన మనుషుల్ని ఇళ్ల మధ్య సర్దుకోవడమే. ఈ సినిమాను ఏడుపు సినిమా అనేవారు దాని అల్లరిని మరచిపోతారు. పిన్ని సాధన కోసం తోషికో పెళ్లికూతురిలా ముస్తాబైతే, ఆమెను ఇష్టపడే రొట్టెల కొట్టు కుర్రాడు (ఎయిజి ఒకాడా) నిజం పెళ్లే అనుకుని బెంబేలెత్తుతాడు. మరోచోట కథ మధ్యలోనే 'సమాప్తం' పడుతుంది. తీరా చూస్తే, అది కథలోని వాళ్లు చూస్తున్న సినిమాది!

'కినెమా జుంపో' పత్రిక ఆ ఏటి తొలి పది జపాన్ చిత్రాల్లో దీనికి చోటిచ్చింది. మొదటి స్థానం కురొసావా 'ఇకిరు'ది. మరుసటి ఏడాదే తనాకా 'కొయిబుమి'తో తానే దర్శకురాలైంది. కగావా అదే 1953లో ఓజు 'టోక్యో కథ'లో, కొడుకును యుద్ధానికి పోగొట్టుకున్న మరో ఇంటి చిన్నకూతురిగా కనిపించింది. నరుసె, మిజుకి జంట 1955లో 'ఉకిగుమొ' తీసింది. అందులోని మనుషులకు యుద్ధం ముగిసి తిరిగొచ్చాక కట్టుకోవడానికి ఇల్లే లేదు.