వేలంపాటయు ఊరి బ్రతుకును

వేలంపాట మన పల్లెలకు క్రొత్త గాదు. వేలమను మాట పోర్చుగీసు భాషనుండి వచ్చినదని నిఘంటుకారులు చెప్పుదురు గాని, ఆచారము మాత్రము ఊరి బ్రతుకులో ఏనాడో కలిసిపోయినది. చెరువులోని చేపలు, చింతచెట్ల కాపు, రేవు పడవ, సంత ఆశీలు, దేవళపు మాన్యపు కౌలు, వీనినెల్ల టముకు వేయించి చావడియొద్ద పాట పెట్టుదురు. ధరావతు కట్టినవారు పాడుదురు. మూడవసారి పిలుపుతో హెచ్చుపాట ఖాయమగును. ఉమ్మడి సొత్తునకు పదుగురి యెదుట వెల కట్టుటచేత చాటుమాటు బేరములకు తావు తగ్గును. వచ్చిన సొమ్ము ఊరికో గుడికో చేరును. ఇందలి మేలును మేము కాదనము.

అయితే సర్కారువారు ఈ పద్ధతినే సారాకును వర్తింపజేసిరి. ఒక్కొక్క ప్రాంతమున ఏడాదిపాటు సారా అమ్ముకొను హక్కును వేలము వేసిరి. ఇచ్చట వెల కట్టబడినది చెరువు గాదు, చెట్టు గాదు. కూలివాని రాబోవు సంపాదనము. పాటదారుడు హెచ్చుగా పాడిన సొమ్మంతయు వానిచేత త్రాగించియే రాబట్టుకొనవలెను. 1980 దశాబ్దమున 'వారుణి వాహిని' పేరిట ప్రభుత్వపు సారా పొట్లములలో వాడవాడకు చేరెను. ఆ బాకీ తీర్చునది ఇంటి యిల్లాలు. పాటకాడ నామెకు చోటు లేదు.

1990 దశాబ్దపు తొలియేండ్లలో నెల్లూరు జిల్లాయందు అక్షరాస్యతోద్యమము సాగెను. రాత్రిబడులలో పలక పట్టిన స్త్రీలు అక్షరములతోపాటు తమ కష్టములకు కారణమును గూర్చియు చర్చించుకొనిరి. దూబగుంటలో వర్ధినేని రోశమ్మ మొదలగువారు సారా దుకాణమును మూయించిరి. ఆ కథ క్రొత్తగా చదువు నేర్చినవారి వాచకమున కెక్కి ఊరూర వ్యాపించెను. 1992లో స్త్రీలు దుకాణములతో ఆగక, వేలము జరుగుచోటికే పోయి అడ్డు నిలిచిరి. పాటలు పలుమారులు వాయిదా పడెను. 1993 ఏప్రిలులో నెల్లూరు జిల్లాయందును, అక్టోబరు 1వ తేదీనుండి రాష్ట్రమంతటను సారా నిషిద్ధమయ్యెను. 1995 జనవరిలో వచ్చిన సంపూర్ణ మద్యనిషేధము మాత్రము 1997లో సడలిపోయెను. కావున గెలుపు పూర్తియైనదని మేము చెప్పజాలము.

అయినను ఆ తల్లులు నేర్పిన పాఠమొకటి నిలిచియున్నది. ఎవరు హెచ్చు ఇత్తురన్నదే వేలంపాట యడుగు ప్రశ్న. అమ్ముడుపోవునది ఎవరి సొత్తని వారడిగిరి. చేపలగుంట పాటకు వచ్చినను, చింతతోపు పాటకు వచ్చినను ఈ ప్రశ్న అడుగవలసినదే. చదువరులారా, మన యూరి చావడిలో రాబోవు పాటనాడు ఆ ప్రశ్న నడుగుటకు మన యిండ్ల స్త్రీలను పిలుచుకొనిపోవుదుమా?