తేదీ ఒకటే, కథలు వేరు

వంటింటి గోడకి వేలాడే క్యాలెండరంటే మనకి పాలవాడి లెక్క, గ్యాసు బండ వచ్చిన రోజు, ఏకాదశి, సంకటహర చతుర్థి. అంతేగా! ఆ చిన్న గడిలో ఇవి రాసుకోవడానికే చోటు చాలదు. కానీ మనం రాయని సంగతులు ఒక్కొక్క గడిలో ఎన్ని దాగున్నాయో చూస్తే ఆశ్చర్యం వేస్తుంది. మాటవరసకి సెప్టెంబరు 28 తీసుకోండి.

హైదరాబాదు పాతకాపులకి ఆ తేదీ అంటే ‘తుగ్యానీ’, అంటే మూసీ వరద. సంవత్సరం 1908. రంజాను నెల అప్పుడే మొదలైంది. దసరా నవరాత్రులూ అప్పుడే మొదలయ్యాయి. ఒక ఇంట్లో ఉపవాసాలు, పక్కింట్లో అమ్మవారి పూజలు. అలాంటి రోజుల్లో వాన పట్టుకుంది. శంషాబాదులో ఒక్క రోజులో పన్నెండు అంగుళాలకు పైగా కురిసిందట! మూసీకి నీళ్లిచ్చే ప్రాంతంలో 788 చెరువులుంటే, అందులో 221 తెగిపోయాయని తర్వాత మోక్షగుండం విశ్వేశ్వరయ్యగారు లెక్క తేల్చారు. పై చెరువు తెగితే ఆ నీళ్లన్నీ కింది చెరువు మీద పడతాయి. అది తెగితే దాని కిందిది. ఆఖరికి అన్నీ కలిసి ఊరి మీద పడ్డాయి.

అఫ్జల్‌గంజ్ వంతెన కొట్టుకుపోయింది. 1578లో కుతుబ్‌షాహీలు కట్టిన పురానాపూల్ మాత్రం దెబ్బలు తిని కూడా నిలబడింది. పోయిన ప్రాణాలు పదిహేను వేల దాకా ఉంటాయని అంచనా. ఆసుపత్రి ఆవరణలో ఉన్న ఒక చింతచెట్టు ఎక్కి నూటయాభై మంది బతికారు. ఉస్మానియా ఆసుపత్రిలో ఆ చెట్టు ఇప్పటికీ ఉంది. ఆరో నిజాం మహబూబ్ అలీ ఖాన్ పండితులు చెప్పినట్టు నదికి చీరా, పసుపూ కుంకుమా సమర్పించి శాంతించమని వేడుకున్నాడని హైదరాబాదులో చెప్పుకుంటారు. ఇంటికొచ్చిన ముత్తైదువని సాగనంపినట్టే అన్నమాట!

ఇవన్నీ అంకెలు, కథలు. ఒక్క మనిషి దగ్గరికి వస్తేగానీ దుఃఖం తెలియదు. అంజద్ హైదరాబాదీ అని ఉర్దూలో పెద్ద కవి, రుబాయీలకు పేరుపడ్డవాడు. ఆ వరదలో తల్లీ, భార్యా, కూతురూ ముగ్గురూ పోయారు. ఇంటిల్లిపాదిలో ఆయనొక్కడే మిగిలాడు. ఆ తర్వాత యాభై ఏళ్లకు పైగా బతికి, 1961లో కన్నుమూశాడు. అన్నేళ్లూ ఏటేటా సెప్టెంబరు 28 వస్తూనే ఉండేది కదా! ఊరికది చరిత్ర. ఆయనకి అమ్మ పోయిన రోజు, బిడ్డ పోయిన రోజు.

సరిగ్గా అదే రోజున తెలుగుదేశంలో ఇంకొక కుర్రాడికి పదమూడేళ్లు నిండాయి. 1895 సెప్టెంబరు 28న వినుకొండలో పుట్టిన గుర్రం జాషువా ఆయన. కాళిదాసు యక్షుడు భార్యకి మేఘంతో కబురు పంపితే, జాషువా కథానాయకుడు కాశీలోని శివుడికి గబ్బిలంతో కబురు పంపాడు. ఎందుకంటే, మనిషిని రానివ్వని గుడిలోకి గబ్బిలాన్ని ఎవరూ ఆపరు! 1941లో వచ్చిన ఆ ‘గబ్బిలం’ చదివి ఉలిక్కిపడనివాళ్లు తక్కువ. ఒక కవి సర్వస్వం పోగొట్టుకున్న రోజే మరో కవి పుట్టినరోజు. ఒకరు ఉర్దూ, ఒకరు తెలుగు. ఇద్దరికీ బాధే భాష.

సరే, మూసీ వరదకి సరిగ్గా ఇరవయ్యేళ్ల తర్వాత, 1928లో, అదే తేదీ లండనులో. సెయింట్ మేరీస్ ఆసుపత్రిలో అలెగ్జాండర్ ఫ్లెమింగ్ అప్పటికి సెలవుల నుంచి తిరిగొచ్చి ఉన్నాడు. తను పెంచుతున్న సూక్ష్మజీవుల గిన్నెలో ఒకదానికి బూజు పట్టింది. మనమైతే ‘ఛీ’ అని తోమి పారేస్తాం. ఆయన పరీక్షగా చూశాడు. బూజు చుట్టూ సూక్ష్మజీవులు చచ్చిపోయి ఉన్నాయి. పెన్సిలిన్ అలా బయటపడింది. అది మందుగా మారడానికి మరో పుష్కరం పైనే పట్టిందనుకోండి. మన అమ్మమ్మల కాలంలో పురిటి జ్వరం తగిలిన బాలింత బతకడం దైవాధీనం. ఎంతమంది పసివాళ్లకి తల్లిని దక్కించిందో ఆ బూజు!

మరుసటి ఏడు, 1929లో, అదే తేదీన ఇందూరులో లతా మంగేష్కర్ పుట్టింది. ‘సంతానం’ సినిమాలో ఆవిడ తెలుగులో పాడిన జోలపాట ఎన్ని ఇళ్లల్లో ఉయ్యాలలు ఊపిందో చెప్పక్కర్లేదు. ఆవిడ 2022 ఫిబ్రవరి 6న వెళ్లిపోయింది. చిత్రం చూడండి, మన మొదటి టాకీ ‘భక్త ప్రహ్లాద’ విడుదలైంది కూడా ఫిబ్రవరి 6నే, 1932లో! అందులో లీలావతి మన సురభి కమలాబాయి. చాలాకాలం దాని విడుదల 1931 సెప్టెంబరు 15 అనే అనుకున్నాం. పాత్రికేయుడు రెంటాల జయదేవ పాత కాగితాలు తిరగేసి అసలు తేదీ తేల్చారు. ఇప్పుడు ఫిల్మ్ నగర్‌లో ఫిల్మ్ చాంబర్ వారు ఫిబ్రవరి 6నే తెలుగు సినిమా దినోత్సవం అంటున్నారు. మరి ఆ సెప్టెంబరు 15 ఎవరిదనుకున్నారు? విశ్వేశ్వరయ్యగారి పుట్టినరోజు!

వీటికి ఒకదానితో ఒకటి సంబంధం ఉందా అంటే, లేదు. ఫిల్మ్ నగర్‌కి దగ్గర్లోనే షేక్‌పేటలో కుతుబ్‌షాహీల నాటి రెండంతస్తుల సరాయి ఉంది. గోల్కొండకి వచ్చే బాటసారులు, వర్తకులు అందులో ఒక రాత్రి బస చేసేవారు. పక్క గదిలో ఎవరున్నారో తెలియదు, ఎందుకొచ్చారో తెలియదు. తేదీ కూడా అలాంటి సరాయే. మంచివాళ్లూ దిగుతారు, కష్టాలూ దిగుతాయి. గ్రహబలం అనుకోనక్కర్లేదు. కాకపోతే గుర్తు పెట్టుకోవడానికి ఒక కొక్కెం దొరుకుతుంది.

గుర్తుంచుకోకపోతే ఏమవుతుందంటారా? తుగ్యానీ మళ్లీ రాకూడదనే విశ్వేశ్వరయ్యగారి సలహాతో ఎగువన ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్ కట్టారు. 1920లో ఒకటి, 1927లో రెండోది పూర్తయ్యాయి. నదిని కట్టేశాం కదా అని ఊరు ధైర్యంగా ఒడ్డుల దాకా, ఆపైన ఒడ్డులు దాటి కూడా ఇళ్లు కట్టుకుంది. 2025 సెప్టెంబరు 26 రాత్రి ఆ జలాశయాల గేట్లెత్తి నీళ్లు వదిలితే, మహాత్మాగాంధీ బస్ స్టేషన్‌లోకి మూసీ వచ్చేసింది. మళ్లీ దసరా రోజులే! బతుకమ్మకి పుట్టిళ్లకి బయల్దేరిన ఆడవాళ్లు, సంచులతో, పిల్లలతో ఆ నీళ్ల మధ్య చిక్కుకున్నారు. తాళ్లు పట్టుకుని నడిపించి బయటికి తెచ్చారు. నూటపదిహేడేళ్ల తర్వాత అదే నది, అదే పండగ. తేదీ మాత్రం రెండు రోజులు ముందే వచ్చింది.