దస్తావేజుకూ పట్టాకూ మధ్య: మదనపల్లె, పుంగనూరు, కుప్పం ప్రాంతాల్లో భూహక్కుల నమోదు

భూమి కొన్నవారికి దస్తావేజు చేతికందిన రోజుకూ, రెవెన్యూ లెక్కలో వారి పేరు ఎక్కిన రోజుకూ మధ్య నెలలు, ఒక్కోసారి ఏళ్లు గడుస్తాయి. ఈ జాప్యాన్ని ఉద్యోగుల అలసత్వంగా భావించడం పరిపాటి. అలసత్వం లేకపోలేదు. అయితే క్రయాన్ని ఒక కార్యాలయంలోనూ, పట్టాను మరో కార్యాలయంలోనూ ఉంచిన పాలనా నిర్మాణమే దానికి మూలమని హార్స్లీ హిల్స్ పరిసరాల నుంచి కుప్పం వరకు ఉన్న సీమ చరిత్ర చూపుతుంది.

1800లో నిజాం దత్తమండలాలను కంపెనీకి అప్పగించాక మదనపల్లె ప్రాంతం కడప జిల్లాలో చేరి, థామస్ మన్రో పాదుకొల్పిన రైత్వారీ విధానం కిందికి వచ్చింది. రైత్వారీ పట్టాకు కావలసింది యజమాని ఎవరన్నది కాదు, శిస్తు కట్టేది ఎవరన్నది. ఆ సంగతిని జమాబందిలో ఏటా ఒకసారి సరిచూస్తే సరిపోయేది. సాగు వివరాలు అడంగల్‌లోనూ, ఏ రైతు పేర ఎంత భూమి, ఎంత శిస్తు అన్నది చిట్టాలోనూ కరణమే రాసేవాడు. జులై 1న మొదలయ్యే ఫసలీ సంవత్సరంలో క్రయం ఎప్పుడు జరిగినా, పేరు మార్పుకు తొందర ఉండేది కాదు. శిస్తు అందినంతకాలం పాత పేరు కొనసాగితే సర్కారుకు పోయేదేమీ లేదు. గతించిన తాత పేరనే మనుమడు శిస్తు కట్టడం ఆ విధంగానే సాధ్యమైంది. (ఏనుగు మల్లమ్మ కొండ మీద ఇల్లు కట్టుకున్న కడప కలెక్టరు హార్స్లీ పేరు ఆ కొండకు స్థిరపడటానికి మాత్రం ఏ అర్జీ అవసరం కాలేదు.)

పుంగనూరు, కుప్పం ప్రాంతాల స్థితి వేరు. పుంగనూరు, కంగుంది రెండూ ఉత్తరార్కాటు జిల్లా జమీందారీలు. కుప్పం కంగుంది జమీలోది. 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడినప్పుడు మదనపల్లెతో కలిసి ఇవి ఒకే జిల్లా అయ్యాయి గాని, లెక్కలు ఒకటి కాలేదు. ఇక్కడ రైతు పేరు జమీ కచేరీలో ఉండేది. 1908లో మద్రాసు ఎస్టేట్ల భూమి చట్టం రైతు సాగు హక్కును గుర్తించింది. అదే ఏడు వచ్చిన రిజిస్ట్రేషన్ చట్టం క్రయపత్రాల నమోదును క్రోడీకరించింది. ఆ పత్రాన్ని చూసి పట్టా మార్చవలసిన బాధ్యతను మాత్రం జమీ కచేరీ మీద పెట్టలేదు. 1948 నాటి ఎస్టేట్ల రద్దు చట్టం తరువాతే ఈ గ్రామాలకు రైత్వారీ పట్టాలు వచ్చాయి. మదనపల్లె గ్రామాలతో పోలిస్తే ఇది దాదాపు ఒకటిన్నర శతాబ్దం ఆలస్యం. ఈ వ్యత్యాసానికి పరిశోధకులు ఇవ్వవలసినంత ప్రాధాన్యం ఇంకా ఇవ్వలేదనే చెప్పాలి.

1971 నాటి భూమి హక్కులు, పట్టాదారు పాసు పుస్తకాల చట్టం ఈ ఎడాన్ని పూడ్చే ప్రయత్నం. హక్కు పొందినవారు 90 రోజుల్లో తెలియజేయాలి, రిజిస్టరు చేసిన అధికారి కూడా సమాచారం పంపాలి, నోటీసు ఇచ్చి అభ్యంతరాలు విన్నాక మార్పు చేయాలి. తెల్లకాగితం మీద జరిగిన సాదాబైనామాలను క్రమబద్ధం చేసే మార్గం కూడా ఆ చట్టంలో చేరింది. ఇంతలో 1984 జనవరిలో కరణం, మునసబు పదవులు రద్దయ్యాయి. మరుసటి ఏడు మండలాలు వచ్చాయి. వంశపారంపర్య అధికారం తొలగడం న్యాయమే. కాని ఎవరి పొలం ఎవరి చేతికి ఎలా మారిందో ఎరిగిన జ్ఞాపకం పుస్తకాలతోపాటు మండల కార్యాలయానికి చేరలేదు.

రెవెన్యూ నమోదు యాజమాన్యాన్ని ఇవ్వదని సర్వోన్నత న్యాయస్థానం 1996లో స్పష్టం చేసింది. 1971 చట్టమేమో రుజువు లేనంతవరకు ఆ నమోదును నిజమనే భావించమంటుంది. బ్యాంకు అప్పు పాసు పుస్తకం చూసే ఇస్తుంది. కొన్నవారు ఈ రెండు మాటల మధ్య నిలబడతారు. అమ్మినవారి పేరు లెక్కలో మిగిలినంతకాలం మరో క్రయానికి దారి తెరిచే ఉంటుంది.

2024 జులై 21 రాత్రి మదనపల్లె సబ్‌కలెక్టరు కార్యాలయంలో మంటలు చెలరేగి భూముల ఫైళ్లు దగ్ధమయ్యాయి. రిజిస్టరైన దస్తావేజు నకలు సబ్‌రిజిస్ట్రారు కార్యాలయంలో దొరుకుతుంది. నోటీసు, అభ్యంతరం, వాంగ్మూలం, పేరు మార్చడానికో నిరాకరించడానికో అధికారి రాసిన కారణం ఉండేది ఫైలులోనే.