గాజు కటింగ్ బోర్డు

కూరగాయలు, పండ్లు తరిగేటప్పుడు కింద పెట్టుకునే గాజు పలక. సాధారణంగా టెంపర్డ్ గాజుతో చేస్తారు. గాజును 600 డిగ్రీల సెల్సియస్‌కు పైగా వేడిచేసి, గాలి ఊది చప్పున చల్లారిస్తే పైపొర బిగుసుకుని బలం వస్తుంది. పగిలితే పెద్ద పెంకులు కాక చిన్న పలుకులవుతుంది. అంచుకు తగిలే దెబ్బే దీనికి గండం.

పసుపు మరక, చేపల నీచు, వెల్లుల్లి వాసన దీనికి పట్టవు. సబ్బునీళ్లతో కడిగితే చాలు. స్టీలు పీచుతో మాత్రం తోమకూడదు, గీతలు పడతాయి.

అసలు చిక్కు కత్తితోనే. చెక్క కొంత లొంగుతుంది, గాజు లొంగదు. వేటువేటుకూ కత్తి పదును మడతపడి, కొన్నాళ్లకు టమాటా తొక్క తెగక నలుగుతుంది. (కత్తిపీటకు ఈ బెడద లేదు, దాని అంచు పలకను తాకదు.) పైగా టకటక చప్పుడు. జారకుండా కింద తడిగుడ్డ పరవాలి. తరగడం కంటే చపాతీలు ఒత్తడానికే ఇది మేలు.